దొంగ ప్రతి ఎవరి పక్షం?

2025 నవంబరులో హైదరాబాదు సైబర్ నేరాల పోలీసులు 'ఐబొమ్మ' అనే పైరసీ వెబ్‌సైటును నడిపాడన్న ఆరోపణ మీద ఒక యువకుణ్ణి అరెస్టు చేశారు. సినిమా పరిశ్రమ పెద్దలు పోలీసులను అభినందించారు. అది సహజమే. మనం గమనించవలసింది రెండో వైపు నుంచి వచ్చిన స్పందనను. వేలాది మంది ప్రేక్షకులు అతన్ని పేదల పాలిటి దేవుడన్నారు, రాబిన్‌హుడ్ అన్నారు. అక్కడితో ఆగితే అది అభిమానుల ఆవేశమని వదిలెయ్యవచ్చు. కాని మన సాహిత్య మిత్రుల్లోనూ, యూనివర్సిటీల్లో తెలుగు చదువుకుంటున్న విద్యార్థుల్లోనూ కొందరు ఈ ఆవేశానికి అభ్యుదయ పరిభాష తొడిగారు. నిర్మాత పెట్టుబడిదారుడు, హాలు యజమాని దళారీ, టిక్కెట్టు ధర దోపిడీ. కాబట్టి ఆ సరుకును ఉచితంగా పంచిపెట్టేవాడు ప్రజల మనిషి - ఇదీ వారి తర్కం. చూడ్డానికి ఇది వర్గ దృక్పథంలాగే ఉంటుంది. దగ్గరకు వెళ్ళి చూస్తే వర్గ దృక్పథానికి తీసిన దొంగ ప్రతి అని తెలుస్తుంది.

అయినా వాదనలో ఉన్న నిజాన్ని ముందు ఒప్పుకోవాలి. కృష్ణా డెల్టాలో సినిమా ఎవరికి ఎప్పుడు అందిందన్నది ఎన్నడూ కేవలం వినోదానికి సంబంధించిన విషయం కాదు. విజయవాడ గాంధీనగర్‌లోని డిస్ట్రిబ్యూటర్ల ఆఫీసుల నుంచి రీళ్ళ పెట్టెలు బయలుదేరే రోజుల్లో ఊళ్ళను ఏ సెంటరు, బి సెంటరు, సి సెంటరు అని విభజించేవారు. విజయవాడలో ఆడి అరిగిన ప్రింటు బందరు, గుడివాడ వెళ్ళేది. అక్కడా ఆడి, గీతలు పడి, ముక్కలు పోయి, చివరికి దివిసీమలోనో కొల్లేటి గట్టునో ఉన్న టూరింగ్ టాకీసుకు చేరేది. నేల టిక్కెట్టు కొన్న వ్యవసాయ కూలీ చూసిన సినిమాలో పాటలో సగం, పోరాటంలో సగం ఉండేవి కావు. అతను కట్టింది చిన్న మొత్తమే కావచ్చు, అతనికి దక్కింది అంతకంటె చిన్నది. 1980ల్లో వీడియో వచ్చినప్పుడు డెల్టా పల్లెలు దాన్ని ఎగబడి ఆహ్వానించడానికి కారణం ఇదే. పార్లర్లలో, పెళ్ళిళ్ళలో, జాతరల్లో, రాత్రిపూట నడిచే వీడియో కోచ్ బస్సుల్లో కొత్త సినిమా పడేది. హక్కులు ఎవరివని అడిగినవాడు లేడు. తరవాత కేబుల్ వచ్చింది, సీడీ వచ్చింది, సెల్‌ఫోను వచ్చింది. పైరసీ ఆలస్యానికి పుట్టిన బిడ్డ. ఆ ఆలస్యాన్ని పెంచి పోషించింది వ్యాపారమే.

టిక్కెట్టు ధర సంగతి కూడా చెప్పుకోవాలి. 2021 ఏప్రిల్‌లో రాష్ట్ర ప్రభుత్వం 35వ నంబరు జీవో ద్వారా గ్రామ పంచాయతీల్లో ఏసీ లేని హాలులో అట్టడుగు తరగతి టిక్కెట్టు 5 రూపాయలని నిర్ణయించింది. పరిశ్రమ గగ్గోలు పెట్టింది. ఆ డిసెంబరులో తనిఖీల మధ్య కృష్ణా జిల్లాలో పలు హాళ్ళు మూతపడ్డాయి. 2022 మార్చిలో 13వ నంబరు జీవో వచ్చి కనిష్ఠం 20 రూపాయలు, గరిష్ఠం 250 రూపాయలు చేసింది. ఆ పైన పెద్ద తారల చిత్రాలకు మొదటి రోజుల్లో ధర పెంచుకోవడానికి ప్రత్యేక అనుమతులు మామూలయిపోయాయి. నలుగురున్న కుటుంబానికి ఒక సాయంత్రం ఖర్చు రెండు మూడు రోజుల కూలికి సమానమయితే జనం కోపగించుకోక ఏం చేస్తారు? అయితే ఒక మాట గుర్తుంచుకోవాలి. 5 రూపాయల టిక్కెట్టు కాగితం మీద ఉన్న నెలల్లోనూ పైరసీ తగ్గలేదు. ధర ఒక్కటే కారణమనే వాదనకు ఈ చిన్న విషయం అడ్డు తగులుతుంది.

ఇప్పుడు ఆ ప్రజల మనిషి సంగతి చూద్దాం. ఉచితంగా పంచేవాడు దేనితో బతుకుతున్నాడు? సినిమా కోసం వచ్చిన ప్రేక్షకుణ్ణి ప్రకటనలకు అమ్ముకుని బతుకుతున్నాడు. ఐబొమ్మ కేసులో బెట్టింగ్ యాప్‌ల ప్రచారమే ప్రధాన ఆదాయమని పోలీసులు చెప్పారు. కేసు తేలవలసింది న్యాయస్థానంలో. దాని జోలికి మనం పోనవసరం లేదు. ఇటువంటి వెబ్‌సైటును ఒక్కసారి తెరిచి చూసినవారికి పోలీసులు చెప్పకపోయినా ఈ సంగతి తెలుసు. బొమ్మ మీద వేలు పెడితే జూదం తెరుచుకుంటుంది. క్రికెట్ బెట్టింగుల అప్పుల్లో కూరుకుపోయి ప్రాణాలు తీసుకున్న యువకుల వార్తలు మన పత్రికల్లో అరుదు కావు. పేదవాడి జేబులో 100 రూపాయలు మిగిల్చి, అదే పేదవాడి కొడుకుని జూదశాల గుమ్మం దాకా చెయ్యి పట్టుకు నడిపించేవాణ్ణి రాబిన్‌హుడ్ అనడం ఆ పాత కథకే అవమానం. ఇతను కూడా వ్యాపారే. తన సరుకు తాను తయారు చేయడు, కూలి ఎవరికీ ఇవ్వడు, లెక్క ఎవరికీ చెప్పడు. ఇన్ని వెసులుబాట్లు ఉన్న పెట్టుబడిదారుణ్ణి మార్క్స్ కూడా ఊహించి ఉండడు.

మన కళ్ళ ముందు జరిగిన పెడన ఉదంతం ఈ సందర్భంలో చర్చించదగినది. 2013 సెప్టెంబరులో 'అత్తారింటికి దారేది' చిత్రం విడుదల కాకముందే, సుమారు 90 నిమిషాల భాగం బయటికి పొక్కింది. రాష్ట్ర విభజన నిర్ణయం మీద సీమాంధ్రలో ఆందోళన సాగుతున్న రోజులవి. ఆ కారణంగానే చిత్రం అప్పటికి వాయిదా పడి ఉంది. దొంగ ప్రతి జాడ తీస్తూ పోలీసులు చేరింది మహా నగరానికి కాదు, కృష్ణా జిల్లా పెడనలో ఒక వీడియో షాపుకి. వారు ప్రకటించిన కథనం ప్రకారం, చిత్ర నిర్మాణంలోనే సహాయకుడుగా పనిచేసిన వ్యక్తి నుంచి మిత్రుడికి, అతని నుంచి ఇంకొకరికి, అలా చేతులు మారుతూ ఆ ప్రతి షాపు దాకా వచ్చింది. నిర్మాత విడుదల తేదీని హడావుడిగా ముందుకు జరిపి సెప్టెంబరు 27న చిత్రాన్ని హాళ్ళకు తెచ్చాడు. అభిమానులు కసితో ఎగబడ్డారు. చిత్రం ఘన విజయం సాధించింది.

దీన్ని చూపించి 'పైరసీ వల్ల నష్టం ఏముంది?' అని అడిగేవారు ఇప్పటికీ ఉన్నారు. ఆ ఉదంతం నేర్పేది సరిగ్గా ఇందుకు విరుద్ధం. విడుదలను అయిదు రోజుల్లో ముందుకు లాగగల పలుకుబడి, హాళ్ళను ఒక్క ఫోనుతో ఖాళీ చేయించగల శక్తి, అవమానాన్ని ఉద్యమంగా మార్చే అభిమాన సంఘాలు - ఇవన్నీ పెద్ద తార చిత్రానికే ఉంటాయి. తార పారితోషికం చాలావరకు విడుదలకు ముందే చేరిపోతుంది. కొత్త దర్శకుడు, ముఖాలు తెలియని నటులు, అప్పు తెచ్చిన నిర్మాత కలిసి తీసిన చిన్న చిత్రానికి ఇలాంటి కవచం లేదు. అది బతికేది నోటి మాట మీద, ఆ తరవాత ఓటీటీ సంస్థ ఇచ్చే ధర మీద. ఎంతమంది చూశారన్న లెక్క చూసి ఆ సంస్థ ఆ దర్శకుడి తరవాతి చిత్రానికి ధర కడుతుంది. దొంగ వెబ్‌సైటులో లక్షమంది చూసి మెచ్చుకున్నా ఆ లెక్కలో వారు సున్నా. విశాఖపట్నం పేటలోని మామూలు మనుషులనే నటులుగా పెట్టి తీసిన 'కేరాఫ్ కంచరపాలెం' (2018) వంటి ప్రయత్నాలు మరిన్ని రావాలని వ్యాసాలు రాసే మనం, వాటిని చూసే దగ్గర సున్నాలుగా మిగిలిపోవడం ఏ రకం అభిరుచి?

పెడన గురించి ఇంకో మాట. అది కలంకారీ ఊరు. చెక్క అచ్చులతో, చెట్ల రంగులతో, రోజుల తరబడి ఉడకబెట్టి ఉతికి తీసే అద్దకం అక్కడి బతుకు తెరువు. ఆ నమూనాలను స్క్రీన్ ప్రింటింగుతో గంటల్లో గుద్ది కలంకారీ పేరుతో సగం ధరకు అమ్మే బట్ట బజారులో పుష్కలంగా ఉంది. కొనేవాడికి చవక. అచ్చు వేసేవాడికి మాత్రం పని పోయింది. నకలు సరుకు పేదల పక్షమని పెడన అద్దకందారు దగ్గరకు పోయి చెప్పి చూడండి.

ఇక్కడ జాగ్రత్తగా ఒక తేడా పాటించాలి. సినిమాను నలుగురూ కలిసి ఉచితంగా చూడడం వేరు, దొంగ ప్రతి వ్యాపారం వేరు. 2023 మార్చిలో వచ్చిన 'బలగం' చిత్రం ఈ తేడాను బాగా పట్టి ఇచ్చింది. చిత్రం హాళ్ళలో ఉండగానే ఓటీటీలోకి వచ్చింది. తెలంగాణ పల్లెల్లో జనం వీధి మధ్య తెర కట్టి, ఊరంతా కూర్చుని చూశారు, ఏడ్చారు. విడిపోయిన అన్నదమ్ములు మళ్ళీ కలిశారన్న వార్తలు వచ్చాయి. చట్టం మాట అడిగితే ఈ ప్రదర్శనలూ తప్పే. ఇంట్లో చూసుకోవడానికి కట్టిన చందాతో ఊరికి చూపించే హక్కు రాదు. చిత్ర నిర్మాణ సంస్థ తరఫున పోలీసులకు ఫిర్యాదు వెళ్ళింది, విమర్శలు వచ్చాయి, ఆపైన నిర్మాత దిల్ రాజు స్వరం మార్చి, చూడాలనుకునే ఊళ్ళకు తామే ఏర్పాటు చేస్తామన్న ధోరణిలో మాట్లాడారు. ఈ ఊళ్ళను నేను పైరసీ జాబితాలో వెయ్యలేను. ఊరు కలిసి చూడడమంటే ప్రజానాట్యమండలి బుర్రకథలను పొలాల మధ్య విన్న తరానికి వారసత్వం. వారు చిత్రకారుల పేర్లు దాచలేదు, ప్రకటనలు అమ్మలేదు. అక్కడ కావలసింది పోలీసు కాదు, గ్రామ ప్రదర్శనకు కొద్ది రుసుముతో దొరికే అనుమతి పత్రం. పంచాయతీయో గ్రంథాలయమో 500 రూపాయలో 1,000 రూపాయలో కట్టి సినిమా చూపించే ఏర్పాటు పరిశ్రమ ఇప్పటికీ చేయలేదు. ఈ లోటును అడ్డం పెట్టుకుని బెట్టింగ్ ప్రకటనల వ్యాపారి తనూ ప్రజాకళా ప్రచారకుణ్ణే అనిపించుకుంటున్నాడు.

విమర్శకుడిగా, విద్యార్థిగా మనకు ఇంకొక ప్రత్యేక బాధ్యత ఉంది. తాళపత్ర గ్రంథాల మీద పని చేసినవారికి పాఠాంతరం అంటే ఏమిటో తెలుసు. లేఖకుడు వదిలేసిన పాదం మీద అర్థవిచారం చేసి నవ్వులపాలయిన పండితుల కథలు మన పరిశోధనల్లో కొల్లలు. సినిమా దగ్గరకొచ్చేసరికి ఈ క్రమశిక్షణ అంతా గాలికి పోతుంది. హాలులో ఎవడో సెల్‌ఫోనుతో పట్టిన కెమెరా ప్రింటు చూసి, ఛాయాగ్రహణం మసకగా ఉందని తీర్పు చెప్పిన సమీక్షలు నేను చదివాను. ముందు వరసవాడి తల నీడను దర్శకుడి ప్రతీకగా వ్యాఖ్యానించినవారు ఇంకా తగల్లేదు కాని, ఆ రోజు దూరం లేదు.

ఇటీవలి దొంగ ప్రతులు ఓటీటీ నుంచే దించుకున్నవి, బొమ్మ స్పష్టంగానే ఉంటుంది కదా అని అంటారు. ఉంటుంది. ఆ స్పష్టత ఎక్కడినుంచి వచ్చింది? చందా కట్టినవారి డబ్బుతో తయారయిన ప్రతి నుంచి. అదీకాక దొంగ ప్రతుల్లో తరచు మొదట పోయేవి పేర్లు. మొదటి పట్టికా చివరి పట్టికా కోసేసి, ఆ స్థానంలో వెబ్‌సైటు ముద్ర పడుతుంది. సంభాషణలు రాసినవారు, మాండలికం సరిదిద్దినవారు, కుట్టినవారు, రంగు వేసినవారు, వెలుతురు పట్టినవారు - అందరూ మాయం. న్యాయంగా చెప్పాలంటే ఓటీటీ సంస్థలూ ఈ పాపంలో భాగస్వాములే. చిత్రం చివర పేర్లు మొదలు కాగానే తెర చిన్నదయి మరుసటి సినిమా ప్రకటన తోసుకొస్తుంది. హక్కుల గడువు తీరగానే చిత్రం చెప్పాపెట్టకుండా మాయమవుతుంది. చందా కట్టినవాడికి మిగిలేది జ్ఞాపకమే. అయినా అక్కడ పేర్లు ఉన్నాయి, కావాలంటే చదవవచ్చు. లేకపోతే ఎందుకు లేవని అడగడానికి చిరునామా గల సంస్థ ఉంది.

రచయితల పత్రికలో ఈ చర్చ ఎందుకని అడిగేవారికి నా సమాధానం ఇక్కడే ఉంది. 1943లో తెనాలిలో జరిగిన అభ్యుదయ రచయితల తొలి మహాసభకు అధ్యక్షత వహించిన తాపీ ధర్మారావు, అంతకు అయిదేళ్ళ ముందే 'మాలపిల్ల'కు మాటలు రాసిన సినీ రచయిత. శ్రీశ్రీ, ఆరుద్ర, ఆత్రేయ - ఈ పెద్దల ఇళ్ళలో పొయ్యి వెలిగించినది చాలాకాలం సినిమా కూలే. కవిత్వానికి ప్రతిఫలం చప్పట్లు, సినిమాకి ప్రతిఫలం ఏకమొత్తం. ఆ తరవాత పాట యాభై ఏళ్ళు మోగినా రచయితకు సంబంధం లేదు. ఈ అన్యాయాన్ని సవరించడానికే 2012లో కాపీరైట్ చట్టాన్ని మార్చారు. అభ్యుదయ ఉర్దూ కవి జాన్ నిసార్ అఖ్తర్ కుమారుడు జావేద్ అఖ్తర్ రాజ్యసభ సభ్యుడుగా దీనికోసం గట్టిగా వాదించారు. ఆ సవరణ సారం ఏమిటంటే, సినిమాలో చేరిన రచనను హాలులో సినిమాతో పాటు ప్రదర్శించడం మినహా మరే విధంగా వాడుకున్నా వచ్చే రాయల్టీలో రచయితకు సమాన భాగం ఉండాలి. ఆ హక్కును రచయిత తానుగా వదులుకున్నా చెల్లదు. 'హాలులో మినహా' అన్న మాటను మిత్రులు మరొకసారి చదవాలి. ఇవాళ ఓటీటీ హాలు కాదు. అంటే ఇంట్లో కూర్చుని చట్టబద్ధంగా చూసిన ప్రతి చూపులోనూ రచయితకు అడిగే హక్కు పుడుతున్నది.

అడిగితే ఇస్తున్నారా అన్నది వేరే పోరాటం. ఏకమొత్తం ఇచ్చి సంతకం పెట్టించుకుని చేతులు దులుపుకునే పాత అలవాటు చావలేదు. కొత్త రచయిత గొడవ చేస్తే పని దొరకదు. మన సంఘాలు మాట్లాడవలసింది ఇక్కడే. కాని ఒకటి మాత్రం ఖాయం. ఈ పోరాటానికి ఆధారం లెక్క: ఎన్నిసార్లు చూశారు, ఎంత వచ్చింది, ఎవరికి పోయింది. ఓటీటీ సంస్థ ఆ లెక్కను దాచవచ్చు, పోరాడి బయట పెట్టించవచ్చు. దొంగ వెబ్‌సైటు దగ్గర రాయల్టీ అడగడానికి రచయిత ఏ గుమ్మం ఎక్కుతాడు? దాని చిరునామా వారం వారం మారుతుంది. పైరసీని సమర్థించే అభ్యుదయవాది తెలిసో తెలియకో నిర్మాతకు ఒక సాకు కూడా అందిస్తున్నాడు: 'దొంగలు తినేశారు, నీకు పంచడానికి ఏం మిగిలిందయ్యా?'

రచన హక్కుకూ చిత్రం హక్కుకూ ఉన్న తేడా తెలుసుకోవడం సాహిత్య విద్యార్థికి ఉపయోగం. మన చట్టంలో చిత్రం మీద హక్కు విడుదలయిన మరుసటి సంవత్సరం నుంచి 60 ఏళ్ళు. 1957 నాటి 'మాయాబజార్' మీద ఆ హక్కు 2017తో తీరిపోయింది. 1964 దాకా విడుదలయిన చిత్రాలన్నీ ఇప్పటికి ఆ గడువు దాటాయి. కాని రచన మీద హక్కు రచయిత మరణించాక 60 ఏళ్ళు ఉంటుంది. బందరులో పెరిగి, అక్కడి నాటక సమాజానికి నాటకాలు రాసి, తరవాత ఆ చిత్రానికి మాటలు, పాటలు రాసిన పింగళి నాగేంద్రరావు 1971లో మరణించారు. అంటే సినిమా స్వతంత్రమయిపోయినా అందులోని రచన మీద హక్కు 2031 దాకా సజీవం. అది ఒప్పందాల ప్రకారం ఎవరి చేతిలో ఉన్నదన్నది తరవాతి మాట. సినిమా కంటే మాట ఎక్కువ కాలం బతుకుతుందని చట్టమే ఒప్పుకున్నది.

చందాల భారం మాటేమిటి? ఒక చిత్రం ఒక యాప్‌లో, మరొకటి మరొక యాప్‌లో. 'ఆహా' 2020లో తెలుగుకే ప్రత్యేకమని మొదలయినా, మిగతావి విదేశీ సంస్థలవో మహా వ్యాపార కుటుంబాలవో. అన్నిటికీ చందా కట్టడం గుమాస్తాకే సాధ్యం కాదు, కూలీ సంగతి చెప్పాలా? ఈ ప్రశ్నకు పొరుగున కేరళ ఒక జవాబు ఇచ్చింది. 2024 మార్చిలో అక్కడి చలనచిత్ర అభివృద్ధి సంస్థ 'సీస్పేస్' అనే ప్రభుత్వ ఓటీటీని ప్రారంభించింది. ఏడాది చందా లేదు. చూసిన సినిమాకే 75 రూపాయలు, అందులో సగం నిర్మాతకు. మనకు ఆ అవకాశం లేకపోలేదు. విజయవాడ కేంద్రంగా నడిచే ఆంధ్రప్రదేశ్ ఫైబర్‌నెట్ పల్లెల దాకా తీగె వేసింది. 2023 జూన్‌లో విశాఖపట్నంలో 'ఫస్ట్ డే ఫస్ట్ షో' పేరిట కొత్త చిత్రాన్ని నేరుగా ఇళ్ళకు చూపించే పథకమూ మొదలుపెట్టింది. ఆ తీగె మీద చిన్న చిత్రాలకూ, గడువు తీరిన పాత చిత్రాలకూ, రచయిత భాగం లెక్క కట్టి ఇచ్చే ఒక ప్రజా వేదిక కావాలని అడిగిన తీర్మానం మన మహాసభల్లో ఒక్కటీ నా చెవిన పడలేదు. టిక్కెట్టు ధర మీద ప్రకటనలు చేశాం. అది సులువు. ఈలోగా ఒక చిత్రం నచ్చినప్పుడు ఆ నెలకే చందా కట్టడం, నలుగురు చేరి ఒక ఇంట చూడడం, నిర్మాతలే యూట్యూబులో ఉచితంగా పెట్టిన పాత చిత్రాలను అక్కడే చూడడం ఎవరికీ అసాధ్యం కాదు.

చివరగా మన ఇంటి సంగతి. ఏలూరు రోడ్డు పుస్తకాల దుకాణాల్లో అడగండి, విజయవాడ పుస్తక ప్రదర్శనలో స్టాలు పెట్టినవారిని అడగండి. 500 ప్రతులు వేయడమే గగనమైన కథాసంపుటి విడుదలయిన నెలకే, ఎవరో ఫోనుతో పేజీ పేజీ ఫొటో తీసి పీడీఎఫ్ చేసి వాట్సాప్ గుంపుల్లో వదులుతున్నారు. ఆ గుంపుల్లో ఉన్నవారు ఎవరు? సినిమా అభిమానులు కారు. మనవాళ్ళే - అధ్యాపకులు, పరిశోధక విద్యార్థులు, రచయితలు. అచ్చులో లేని పాత పుస్తకాన్ని కాపాడుకోవడం కోసం స్కాన్ చేసేవారికి నేను దండం పెడతాను. ఆ సేవ లేకపోతే మన పరిశోధనలో సగం ఆగిపోయేది. అటకమీద 300 ప్రతులు పడి ఉన్న పుస్తకం పీడీఎఫ్ వేరు. దాని రచయిత కూడా ఆ గుంపులోనే ఉంటాడు. తన పుస్తకాన్ని ఎవరో పంపగా చూసి, ఏమనాలో తెలియక ఊరుకుంటాడు. కిందటి రాత్రి అతనే అదే గుంపులో కొత్త సినిమా లింకు పెట్టి ఉంటాడు.